చిల్లర రాక్షసుల పుట్టుపూర్వోత్తరాలు

1986 మే 27న జపాన్‌లో విడుదలైన 'డ్రాగన్ క్వెస్ట్' ఆటలో కోట దాటి పచ్చిక మీద నాలుగడుగులు వేస్తే చాలు, నీటిబొట్టు ఆకారంలో నీలంగా, నోరంతా నవ్వుతో ఒక జీవి ఎదురవుతుంది. పేరు స్లైమ్. దాన్ని కొడితే దక్కే అనుభవం ఒక్క పాయింటు. ఏడు పాయింట్లు పోగైతే ఒకటో లెవెల్ నుంచి రెండో లెవెల్‌కి ఎక్కుతాం. ఆట రాసిన యూజీ హోరీ మొదట కాగితం మీద గీసిచ్చింది నేల మీద కారిపోయిన ముద్ద లాంటిది. బొమ్మలు వేసిన అకిరా తొరియామా దాన్ని పైకి లాగి, మొన తేల్చి, కళ్లూ నవ్వూ పెట్టాడు. 'డ్రాగన్ బాల్' బొమ్మలు గీసింది కూడా ఈయనే. ముద్ద ఆలోచన హోరీకి 1981 నాటి అమెరికా ఆట 'విజార్డ్రీ' నుంచి వచ్చింది.

రెండో లెవెల్ సరే. ఇరవయ్యో లెవెల్‌కి చేరి, మంచి కత్తీ కవచమూ సంపాదించి, అదే దారిన వస్తుంటే అదే స్లైమ్ మళ్లీ నవ్వుతూ అడ్డం నిలబడితే ఏం చేయాలి? కొడితే లాభం లేదు, కొట్టకపోతే దారి ఇవ్వదు. పెద్ద రాక్షసుణ్ని తయారు చేయడం నా దృష్టిలో అంత కష్టం కాదు. పెద్ద కొమ్ములు, పెద్ద సంగీతం, పెద్ద ప్రాణం ఇస్తే సగం పని అయిపోతుంది. ఆటలు కట్టేవాళ్లను యాభై ఏళ్లుగా సతాయిస్తున్నది ఈ చిల్లర మంద. దీన్ని ఎలా అదుపులో పెట్టాలన్న ప్రశ్నకు ఒక్కో తరం ఒక్కో జవాబు చెప్పింది. ఒక్కటీ పూర్తిగా కుదరలేదు.

మొదటి జవాబు కంప్యూటర్ మీద కాదు, కాగితం మీద రాశారు. 1974లో అమెరికాలోని విస్కాన్సిన్ రాష్ట్రంలో, లేక్ జెనీవా అనే చిన్న ఊరి నుంచి గ్యారీ గైగాక్స్, డేవ్ ఆర్నెసన్ రాసిన 'డంజియన్స్ అండ్ డ్రాగన్స్' మూడు చిన్న పుస్తకాలుగా వచ్చింది. బల్ల చుట్టూ కూర్చుని పాచికలు వేస్తూ ఆడే ఆట. కోబోల్డ్, గాబ్లిన్, ఓర్క్ అని బలహీనుల నుంచి బలవంతుల దాకా వరసగా పట్టిక వేశారు. బలపడ్డ ఆటగాడు అడుగు మెట్టులో కూర్చుని గాబ్లిన్లను కొట్టుకుంటూ పాయింట్లు దండుకోకుండా అందులోనే ఒక లెక్క కూడా పెట్టారు. ఎనిమిదో లెవెల్ మాంత్రికుడు నేలమాళిగలో అయిదో అంతస్తులో తిరిగితే వచ్చే అనుభవంలో ఎనిమిదింట అయిదు వంతులే చేతికి వస్తుంది. కూలీ తెగ్గోస్తే అక్కడ పని చేయడం వాడే మానేస్తాడన్న ధీమా అది.

1978లో వచ్చిన ఆటగాళ్ల పుస్తకంలో ఇంకో నియమం చేరింది. మరీ బలహీనమైన జీవుల మీద పడినప్పుడు యోధుడు తన లెవెల్ ఎంతో అన్ని దెబ్బలు ఒకే విడతలో వేయొచ్చు. ఎనిమిదో లెవెల్‌వాడు ఎనిమిది గాబ్లిన్లను ఒక్క ఊపులో పడేయొచ్చన్నమాట. నాకు మొదటిదానికన్నా ఇదే నచ్చుతుంది. మొదటిది బలం పెరిగినందుకు శిక్ష వేస్తుంది, రెండోది ఆ బలాన్ని చూపించుకోనిస్తుంది.

బల్ల ఆటలో ఇంకో సౌకర్యం ఉంది. ఆట నడిపించే మనిషి ఎదురుగా కూర్చుని ఉంటాడు. విసుగు పుడితే "మిమ్మల్ని చూసి గాబ్లిన్లు పారిపోయాయి" అని ఒక్క మాటతో తేల్చేస్తాడు. 1975 నాటికి ఇలినాయ్ విశ్వవిద్యాలయం విద్యార్థులు ప్లేటో అనే కంప్యూటర్ వ్యవస్థ మీద ఈ ఆటను దించేశారు. యంత్రానికి విసుగంటే తెలియదు. ఎన్నిసార్లు ఆ గదిలోకి వెళ్లినా అది అన్నిసార్లూ పాచికలు వేస్తూనే ఉంటుంది.

ఆ విసుగుకు జపాన్‌వాళ్లు తొందరగానే మందు కనిపెట్టారు. డ్రాగన్ క్వెస్ట్ మొదటి భాగంలోనే ఒక మంత్రమూ, ఒక తీర్థమూ ఉన్నాయి. మంత్రం చదివినా, తీర్థం చల్లుకున్నా మనకన్నా బలహీనమైనవి కాసేపు దగ్గరికి రావు. 1996లో 'పోకెమాన్' దాన్నే డబ్బాలో పెట్టి దుకాణంలో అమ్మింది. రిపెల్ కొట్టుకుంటే నూరు అడుగుల దాకా, మన జట్టులో ముందున్న జీవికన్నా తక్కువ లెవెల్‌వి పొదలోంచి బయటికి రావు. వీటికన్నా అందమైన ఉపాయం షిగెసాతో ఇతోయి 1994లో తెచ్చిన 'మదర్ 2'లో ఉంది. అమెరికాలో 'ఎర్త్‌బౌండ్' పేరుతో వచ్చిన ఆట ఇది. ఇందులో శత్రువులు ముందుగానే కంటికి కనిపిస్తారు. మనం బాగా బలపడ్డాక మనల్ని చూసి వెనక్కి తిరిగి పరుగు లంకించుకుంటారు. తరిమి పట్టుకుంటే యుద్ధం లేకుండానే గెలిచినట్టు తెర మీద పడుతుంది. ముప్పై ఏళ్లు దాటినా దీన్ని మించిన జవాబు నాకు కనబడలేదు.

అసలు చిక్కు ఓపెన్ వరల్డ్ ఆటలతో వచ్చింది. ఇక్కడ వరసగా అంతస్తులు ఉండవు, దేశం మొత్తం మొదటి రోజు నుంచే తెరిచి ఉంటుంది. ఆటగాడు తూర్పుకు పోతాడో పడమరకు పోతాడో కట్టినవాడికి తెలియదు. అలాంటప్పుడు బలహీనుల్ని ఎక్కడ పెట్టాలి, బలవంతుల్ని ఎక్కడ పెట్టాలి? అమెరికా సంస్థ బెథెస్డా 'ఎల్డర్ స్క్రోల్స్' వరసలో దీనితో కుస్తీ పట్టింది. 2002లో వచ్చిన 'మారోవిండ్'లో క్లిఫ్ రేసర్ అనే రెక్కల జీవి ఉండేది. ప్రాణాలు తీసేంత బలం దానికి లేదు, కానీ కొండ ఎక్కినా లోయలో దిగినా నెత్తి మీద వాలి పొడుస్తుంది. ఆడినవాళ్లు దాన్ని ఎంత తిట్టుకున్నారంటే, తరవాతి ఆటల్లో జూబ్ అనే పాత్ర ఆ ఆట జరిగే ప్రాంతం నుంచి క్లిఫ్ రేసర్లను వెళ్లగొట్టాడనీ, అందుకే అతన్ని సాధువుగా ప్రకటించారనీ కథలో చేర్చారు. దోమల్ని తరిమిన పుణ్యాత్ముడికి గుడి కట్టినట్టు!

2006 మార్చిలో వచ్చిన 'ఆబ్లివియన్'లో బెథెస్డా ఇంకో దారి పట్టింది. మనం పెరిగేకొద్దీ లోకం కూడా పెరుగుతుంది. ఒకటో లెవెల్‌లో ఎలుకలూ తోడేళ్లూ తిరిగిన అడవిలోనే, మన లెవెల్ ముదిరేసరికి వాటి చోట వేరే క్రూర జంతువులు దిగుతాయి. దారిదోపిడీగాడు మొదట్లో తోలు చొక్కాతో వచ్చి నూరు నాణేలు అడుగుతాడు. చివర్లో రాజులు కూడా కలగనే ఖరీదైన కవచం తొడుక్కుని వచ్చి అదే నూరు నాణేలు అడుగుతాడు. ఆ కవచం అమ్ముకుంటే వాడి బతుకు వెళ్లిపోదూ! బలం పెంచుకున్న ఫలితం ఎక్కడా కనబడదు. ఇది భరించలేక ఆటగాళ్లే ఆట లోపలి లెక్కల్ని తిరగరాసి 'ఆస్కురోస్ ఆబ్లివియన్ ఓవర్‌హాల్' లాంటి మార్పులు తెచ్చుకున్నారు.

ఆటలంటే తెలియకపోయినా ఆదోని పత్తి రైతుకు ఈ కథ చెప్పక్కర్లేదు. అదే 2006లో మన దేశంలో రెండో తరం బీటీ పత్తికి అనుమతి వచ్చింది. 2002లో వచ్చిన మొదటి తరంలో పురుగును చంపే జన్యువు ఒకటి, దీంట్లో రెండు. రైతు లెవెల్ పెరిగింది. పురుగు ఊరుకుందా? మొదటి తరాన్ని గులాబీ రంగు పురుగు తట్టుకుంటోందని 2010లో గుజరాత్ నుంచి కబురు వచ్చింది, తరవాత రెండో తరాన్నీ తట్టుకుంది. అలా జరగకూడదనే విత్తన కంపెనీలు 450 గ్రాముల బీటీ విత్తనాలతో పాటు 120 గ్రాముల నాన్ బీటీ ప్యాకెట్ జతచేసి ఇచ్చేవి. చేను చుట్టూ వాటిని వేస్తే బీటీకి లొంగే బలహీన పురుగులు అక్కడ బతుకుతాయి, మొండివాటితో జతకడతాయి, మొండితనం పలచబడుతుంది. బలహీనుల్ని కావాలని బతకనివ్వడమే ఆ ప్యాకెట్ పని. చాలామంది రైతులు దాన్ని గట్టు మీద పారేశారు. తినిపోయే పురుగు కోసం పంట వేయమంటే ఎవరికి మనసొప్పుతుంది? ఇప్పుడు పొలంలో లింగాకర్షక బుట్టలు కట్టి, బుట్టకు ఎనిమిది చొప్పున వరసగా మూడు రోజులు రెక్కల పురుగులు పడితేనో, పూలలో నూటికి పది పురుగు పట్టి విచ్చుకోని గుడ్డిపూలు కనబడితేనో మందు కొట్టమంటున్నారు. కనబడ్డ ప్రతిదాన్నీ చంపొద్దు, లెక్క దాటితే కదలమని ఆ మాటకర్థం.

'స్కైరిమ్'కి వచ్చేసరికి, అంటే 2011 నవంబరుకి, బెథెస్డా కూడా ఇలాంటి లెక్కకే దిగింది. ఒక్కో గుహకు ఇంత తక్కువ, ఇంత ఎక్కువ అని లెవెల్ హద్దులు పెట్టారు. మొదటిసారి అడుగుపెట్టినప్పుడు మన లెవెల్‌ను బట్టి దాని లెవెల్ ఆ హద్దుల మధ్య ఎక్కడో స్థిరపడుతుంది. తరవాత మనం ఎంత పెరిగినా అది అక్కడే ఉంటుంది. పూర్తిగా ఊడ్చేసిన గుహలోకి మళ్లీ జనం చేరడానికి ఆటలో ముప్పై రోజులు పడుతుంది, సగంలో వదిలేస్తే పది రోజులే. కాబట్టి సీనియర్లు కొత్తవాళ్లకు చెప్పే సలహా ఒకటే: వెళ్తే పూర్తిగా ఊడ్చు, లేదా జోలికి పోకు. ఏటి ఒడ్డున పీతలు మాత్రం ఎప్పటికీ పీతలే. ఎనభయ్యో లెవెల్‌లో కూడా డెక్కలు ఆడిస్తూ మీదికి వస్తాయి, పాపం.

జర్మనీ ఆట 'గోథిక్' (2001) వీటికి పూర్తిగా ఎదురు. అక్కడ లోకం మన కోసం పెరగదు, తగ్గదు. తోడేలు తోడేలే. పైగా మీద పడేముందు ఆగి, గుర్రుమని బెదిరిస్తుంది. వెనక్కి తగ్గితే వదిలేస్తుంది. మొదట్లో ప్రాణం తీసిన అదే తోడేలును కొన్నాళ్లకు రెండు దెబ్బల్లో పడేస్తే కలిగే సంతోషం ఆబ్లివియన్‌లో ఎన్ని గంటలు ఆడినా రాదు.

చంపినవి మళ్లీ ఎందుకు పుడతాయి అన్నదానికి చాలా ఆటలు కారణం చెప్పే పని పెట్టుకోవు. 2017 మార్చిలో వచ్చిన 'జెల్డా: బ్రెత్ ఆఫ్ ది వైల్డ్' చెప్పింది. అందులో రక్త చంద్రుడు ఉదయించిన అర్ధరాత్రి, అప్పటిదాకా చచ్చినవన్నీ లేస్తాయి. దాదాపు 2 గంటల 48 నిమిషాలు ఆడితే ఆ రాత్రికి వేళవుతుంది. ఆట మెమరీ మీద భారం పెరిగిపోతే వేళకాని వేళ కూడా చంద్రుడు ఎర్రబడతాడు. యంత్రం అవసరాన్ని పురాణంగా మార్చిన తెలివి అది. ఇక్కడ బోకోబ్లిన్ అనే చిల్లర జాతి రంగు మారుతూ వస్తుంది: ఎరుపు, నీలం, నలుపు, వెండి. మనం ఎన్నింటిని, ఎంత గట్టివాటిని చంపామో ఆట చాటుగా లెక్క వేసుకుంటూ ఆ రంగులు దించుతుంది.

రాక్షసులతో రక్తపు ఒప్పందమంటే మన పడమటి కర్నూలువాళ్లకు కొత్త కాదు. హొళగుంద మండలం దేవరగట్టులో విజయదశమి రాత్రి జరిగే బన్ని ఉత్సవానికి వెనక ఉన్న స్థలపురాణం అదే. మునులను బాధించిన మణి, మల్లాసురులను మాళ మల్లేశ్వరుడు చంపాడు. చనిపోతూ వాళ్లు ఏటా నరబలి అడిగారనీ, బదులుగా పిడికెడు రక్తం ఇచ్చేట్టు ఒప్పందమైందనీ చెబుతారు. ఆ మాట ప్రకారం ఇప్పటికీ పూజారి తొడ నుంచి కొన్ని బొట్ల రక్తం తీసి రాక్షసుల చోట వేస్తారు. నెరణికి, నెరణికి తండా, కొత్తపేట జనం ఉత్సవ విగ్రహాల వెంట కర్రలు పట్టుకుని నడుస్తుంటే, చుట్టుపక్కల ఊళ్ల జనం విగ్రహాల కోసం వాళ్ల మీద పడతారు. తలలు పగలడం ప్రతి ఏడూ ఉన్నదే. కథ వరకే చూస్తే, చచ్చినవాళ్లకు కూడా ఏడాదికి ఒక రాత్రి కేటాయించి లెక్క తేల్చడం జెల్డా రాసినవాళ్లకన్నా మనవాళ్లకు ముందే తెలుసు.

ఈమధ్య జవాబులు రెండు రకాలు. పని తగ్గించడం ఒకటి. 2017 నాటి 'డ్రాగన్ క్వెస్ట్ 11'లో గుర్రం మీద దౌడు తీస్తే అడ్డొచ్చినవి ఎగిరి పక్కన పడతాయి, యుద్ధమే ఉండదు. 2022 నాటి పోకెమాన్ ఆటల్లో మన జీవిని వదిలితే అదే పోయి పొదలు దులిపి వస్తుంది, మనం నడుచుకుంటూ పోవచ్చు.

రెండోది బలహీనులకు ధర కట్టడం. ఇందులో ఆరితేరింది 2020 సెప్టెంబరు 28న వచ్చిన చైనా ఆట 'గెన్షిన్ ఇంపాక్ట్'. ఫోన్‌లోనే ఆడొచ్చు కాబట్టి కంప్యూటర్ లేని ఇళ్లలోకీ వచ్చేసింది. ఇందులో హిలిచర్ల్ అని ముసుగు వేసుకుని గుడిసెల దగ్గర చిందులేసే జాతి ఉంది. కొత్తగా చేరినవాడు కూడా కొట్టేయగలిగినంత బలహీనం. కానీ పెద్ద పాత్రల విద్యలు పెంచాలంటే వాటి ముసుగులు కావాలి. మూడు విరిగిన ముసుగులు కలిపితే ఒక మెట్టు పైది, అలాంటివి మూడు కలిపితే ఆ పైది. అంటే పై మెట్టు ముసుగు ఒక్కటి తయారవ్వాలంటే కింది మెట్టువి తొమ్మిది.

ఎమ్మిగనూరులో మగ్గాల వీధి అరుగు మీద ఒక సాయంత్రం ఇద్దరు అన్నదమ్ములు ఒకే ఫోన్ మీద వంగి ఉన్నారు. పెద్దోడికి ఓపిక లేదు. "ఒరేయ్, ఆ బుడ్డోళ్లతో ఏం పని రా నీకు? పా, పెద్దదాని కాడికి పోదాం."

చిన్నోడు తెర మీంచి కళ్లు తిప్పలేదు. "ఉండున్నా, ఇంగా పన్నెండు ముసుగులు కావాల. ఈ గుడిసెలయినాక అవతల ఏటిగడ్డన ఇంగో మూడుండాయి."

ఆ పిల్లాడి పాత్ర లెవెల్ చూశాను, డెబ్బై దాటింది. ఈ ఆటలో వరల్డ్ లెవెల్ అని ఒకటుంది, మనం ఎదిగితే లోకమూ ఎదుగుతుంది. 'ఆబ్లివియన్'లో తిట్లు తిన్న పద్ధతే. అయితే శత్రువులు మరీ గట్టిపడ్డారనిపిస్తే ఒక మెట్టు దించుకునే వీలు పెట్టారు. ఆ మాటే పెద్దోడు ఎత్తాడు: దించుకుంటే రెండు దెబ్బలకే పడతాయి కదా అని. చిన్నోడి దగ్గర జవాబు సిద్ధంగా ఉంది. దించితే రాలే సరుకు కూడా తగ్గుతుందట, పైగా నిన్నటి గుడిసెల్లో ఈపాటికి కొత్తవి పుట్టే ఉంటాయట. ఫోన్ చార్జింగ్ పదకొండు శాతం ఉంది. గుడిసెల వరస ఇంకా సగం కూడా కాలేదు.