ప్రజాతీర్పు (2001)

ఆంధ్రప్రదేశ్ వ్యవసాయం ఏ దారిన నడవాలో తేల్చి చెప్పడానికి 2001 జూన్ చివరి వారంలో జహీరాబాద్ ప్రాంతంలోని అల్గోల్ గ్రామంలో (అప్పటి మెదక్ జిల్లా) కొలువుదీరిన పౌర జ్యూరీ పేరు ప్రజాతీర్పు. సభ్యులు 19 మంది. చాలామంది సన్నకారు, చిన్నకారు రైతులు, ఆడవాళ్లదే మెజారిటీ.

ఈ పద్ధతికి 1970ల్లో అమెరికాలో నెడ్ క్రాస్బీ, జర్మనీలో పీటర్ డీనెల్ ఎవరికి వారుగా రూపమిచ్చారు. కొద్దిమంది మామూలు మనుషుల్ని కూర్చోబెట్టి, సాక్షుల్ని పిలిపించి, కొన్ని రోజులు తర్జనభర్జన పడనిచ్చి, చివరికి వాళ్ల మాట అడగడమే ఇందులోని కిటుకు. అక్కడ సభ్యుల్ని లాటరీ తరహాలో ఎంచుతారు. అల్గోల్‌లో మాత్రం చిన్న రైతులకే కావాలని పెద్దపీట వేశారు.

ఈ జ్యూరీ పెట్టడానికి కారణం విజన్ 2020. చంద్రబాబు నాయుడు ప్రభుత్వం మెకిన్సీ అనే కన్సల్టెన్సీ సంస్థ సలహాతో తయారుచేసి 1999లో విడుదల చేసిన ఆ పత్రం ప్రకారం, వ్యవసాయం మీద బతికే జనం 70 శాతం నుంచి 2020 నాటికి 40 శాతానికి తగ్గాలి. ఆ తగ్గే వాళ్లలో తామే ముందుంటామని తెలిసిన రైతులను ఎవరూ సంప్రదించలేదన్నది నిర్వాహకుల ఫిర్యాదు. లండన్‌లోని ఐఐఈడీ, ససెక్స్‌లోని ఐడీఎస్ అనే పరిశోధన సంస్థలు, హైదరాబాద్ విశ్వవిద్యాలయం, రాష్ట్రంలోని జీవవైవిధ్య పరిరక్షణ కూటమి కలిసి దీన్ని నడిపాయి.

చదువురాని సభ్యులూ ఉన్నారు కాబట్టి మూడు భవిష్యత్తులను వీడియోలుగా తీసి చూపించారు. ఒకటి విజన్ 2020 చెప్పే యంత్రాల, కాంట్రాక్టు సేద్యం. రెండోది ఎగుమతి కోసం సేంద్రియ సాగు. మూడోది ఊరి తిండి ఊరే పండించుకునే పద్ధతి. మూడింట్లో నచ్చిన ముక్కలు తీసుకుని తమ సొంత చిత్రం గీసుకునే వీలూ ఇచ్చారు. ఇది చిన్న విషయం కాదు; అవును, కాదు అనే రెండు జవాబులకే కట్టేసిన అభిప్రాయ సేకరణకూ దీనికీ తేడా ఇక్కడే ఉంది. సాక్షులుగా వచ్చిన నిపుణులను సభ్యులే ప్రశ్నించారు. తంతు సవ్యంగా సాగుతోందో లేదో చూడటానికి వేరే పర్యవేక్షణ బృందాన్నీ పెట్టారు.

తీర్పులో స్వయం సమృద్ధి సాగుకు, పంటల వైవిధ్యానికి, పశువులకు, నేల సారానికి, ఊరి వనరులపై ఊరి పెత్తనానికి మొగ్గు కనిపించింది. 70ని 40కి తగ్గించడం, భూముల ఏకీకరణ, కూలి పోగొట్టే యంత్రాలు, కాంట్రాక్టు సేద్యం, బీటీ పత్తితో సహా జన్యుమార్పిడి పంటలు వద్దన్నారు.

అసలు గొడవ తర్వాత మొదలైంది. 2002లో నివేదిక బయటికొచ్చాక, అప్పట్లో రాష్ట్రానికి పెద్దయెత్తున నిధులిస్తున్న బ్రిటన్ ప్రభుత్వ సహాయ విభాగం డీఎఫ్ఐడీ దాని పద్ధతిని తప్పుపట్టింది. సభ్యుల ఎంపిక, సాక్ష్యాల సమతూకం ప్రశ్నార్థకమయ్యాయి. ఈ విమర్శలో పస లేకపోలేదు: నిర్వాహకుల్లో కొందరు ముందునుంచే ఒక పక్షం. అయితే విజన్ పత్రం రాసినప్పుడు రైతుల ఎంపిక ఎలా జరిగిందని ఎవరూ ఇంత గట్టిగా నిలదీయలేదు. జ్యూరీ వద్దన్న బీటీ పత్తికి మాత్రం కేంద్రం 2002 మార్చిలోనే అనుమతి ఇచ్చేసింది.