జీతము దానమా? బాకీయా?

“బ్రతకలేక బడిపంతులు” అను సామెత ఏనాడు పుట్టినదో మేము చెప్పజాలము గాని, ఎందుకు పుట్టినదో చెప్పుట కష్టము కాదు. పంతులుగారికి నమస్కారములకు కొదవ లేదు, జీతమునకే కొదవ. నెల దాటియు జీతము రానిచో పచారీ కొట్టులో పద్దు పెరుగును. పద్దు పెరిగిన కొలది షావుకారు పలకరింపు తగ్గును. అట్టి సర్కారు బడిపంతులు తన జీతమునకై సర్కారుపై దావా వేయవచ్చునా? ఈ ప్రశ్న చరిత్రను నేడు మేము శ్రోతలతో ముచ్చటింపదలచితిమి.

1936లో వేతనముల చెల్లింపు చట్టము వచ్చినది. నెల ముగిసిన పిమ్మట 7 దినములలో, పెద్ద సంస్థలైనచో 10 దినములలో, జీతము ముట్టవలెనని అది శాసించెను. కాని ఆ చట్టము మొదట కర్మాగారములకును, రైల్వేలకును మాత్రమే వర్తించినది. బడిపంతులు కార్మికుడు కాడు, ప్రభుత్వ సేవకుడు. ప్రభుత్వ సేవకుని జీతము రాజుగారి అనుగ్రహమనియు, దానికై న్యాయస్థానమునకు పోరాదనియు బ్రిటిషు న్యాయములో ఒక వాదము కలదు. 1948లో ఐ. ఎం. లాల్ అను ఐ.సి.ఎస్. అధికారి వ్యాజ్యమున ప్రీవీ కౌన్సిలు ఆ వాదమునే అంగీకరించెను. ఆయనను ఉద్యోగమునుండి తొలగించుట చెల్లదనిరి. పాత జీతము రాబట్టుకొను హక్కు మాత్రము లేదనిరి. ఐ.సి.ఎస్. అధికారి గతియే అట్లుండగా పల్లె పంతులు మాట చెప్పనేల?

1954లో ఆ వాదము మన దేశమున వీగిపోయెను. బీహారునకు చెందిన అబ్దుల్ మజీద్ అను పోలీసు సబ్ ఇన్‌స్పెక్టరు తన పాత జీతమునకై వేసిన దావా సుప్రీంకోర్టు వరకు పోయినది. కోర్టువారు సివిలు ప్రక్రియా స్మృతిని చూపిరి. ఉద్యోగికి అప్పిచ్చినవాడు అతని సర్కారు జీతములో కొంత జప్తు చేయించుకొనవచ్చునని ఆ స్మృతి చెప్పుచున్నది. అప్పిచ్చినవాడు రాబట్టుకొనగల సొమ్మును, ఆర్జించినవాడు అడుగరాదనుట ఎట్లు పొసగును? జీతపు బకాయికై దావా చెల్లునని తీర్పు వచ్చినది. తీర్పు పోలీసు ఉద్యోగిదైనను, దాని నీడ సర్కారు పంతులుకును దొరికినది.

హక్కు దొరికినది, ఇక తలుపు ఏది? మన ఆంధ్రప్రదేశములో 1976లో ప్రభుత్వోద్యోగుల తగవులకై ప్రత్యేక ట్రైబ్యునలు వెలసినది. కాని రాజ్యాంగము 371–డి అధికరణములోని 5వ ఖండము ప్రకారము, ట్రైబ్యునలు ఇచ్చిన ఉత్తరువును రాష్ట్ర ప్రభుత్వము మార్చవచ్చును, రద్దు చేయవచ్చును. ఓడిన పక్షమే తీర్పును చింపివేయగలిగినచో గెలుపునకు అర్థమేమి? 1986లో సుప్రీంకోర్టు ఆ ఖండమును కొట్టివేసెను. నేడు ఆ ట్రైబ్యునలు లేదు; ఉద్యోగులకు హైకోర్టే దిక్కు.

1988లో మరియొక విచిత్రము జరిగినది. గోవాలోని ఒక ప్రైవేటు పాఠశాల ఉపాధ్యాయిని వ్యాజ్యములో, పారిశ్రామిక వివాదముల చట్టము దృష్టిలో ఉపాధ్యాయులు కార్మికులు కారని సుప్రీంకోర్టు తేల్చెను. విద్య నేర్పుట ఉదాత్తమైన వృత్తియట. గౌరవము మిగిలినది, కార్మిక న్యాయస్థానపు తలుపు మూతపడినది.

ఇక ఇటీవలి మాట. కరోనా కాలమున, 2020 మార్చి నెల జీతములలోను, పింఛనులలోను కొంత భాగమును ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వము వాయిదా వేసెను. విశ్రాంత న్యాయాధికారి ఒకరు హైకోర్టును ఆశ్రయించిరి. బకాయిని 12 శాతము వడ్డీతో చెల్లింపవలెనని ఆగస్టులో తీర్పు వచ్చినది. ప్రభుత్వము అసలును కాదనలేదు. వడ్డీ విషయమై సుప్రీంకోర్టునకు పోయెను. 2021 ఫిబ్రవరి 8న సుప్రీంకోర్టు వడ్డీని 6 శాతమునకు తగ్గించెను గాని, తీసివేయలేదు. చేసిన సేవకు జీతము న్యాయముగా దక్కవలసినదని స్పష్టపరచెను.

దానమునకు వడ్డీ కట్టువారు లేరు, బాకీకే కట్టుదురు. 1948 నాటి అనుగ్రహము 2021 నాటికి వడ్డీతో కూడిన బాకీ అయినది. ఇది చిన్న ప్రయాణము కాదు. అయినను కోర్టు తీర్పు వచ్చువరకు పచారీ కొట్టు ఆగదు, పిల్లల ఆకలి ఆగదు. హక్కును గెలిచిన పంతులుకన్న, హక్కుకై కోర్టు మెట్లు ఎక్కవలసిన పని లేని పంతులే నిశ్చింతగా పాఠము చెప్పగలడు. ఒకటవ తేదీన జీతమందించు ఖజానాయే ఆయనకు పెద్ద న్యాయస్థానమని మా మనవి.