బండియే ఇల్లు: గాడియా లోహార్లు

మేవాడు పల్లెల పొలిమేరలలో ఇత్తడి బిళ్లలు తాపిన బరువైన ఎడ్లబండ్లు వచ్చి నిలిచినచో, గాడియా లోహార్లు వచ్చిరని ఒకప్పుడు రైతులు గ్రహించెడివారు. హిందీలో గాడీ యనగా బండి. లోహార్ అనగా కమ్మరి. వారి ఇల్లును, వృత్తియు ఆ పేరులోనే ఇమిడియున్నవి.

1567 అక్టోబరులో అక్బరు చిత్తోడ్ దుర్గమును ముట్టడించెను. 1568 ఫిబ్రవరిలో అది పతనమయ్యెను. రాణా సైన్యమునకు ఆయుధములు చేసియిచ్చిన కమ్మరులు ఆనాడు ప్రతిజ్ఞలు చేసిరని ఈ జాతివారు తరతరములుగా చెప్పుకొందురు. చిత్తోడ్ స్వతంత్రమగువరకు కోట ఎక్కరాదు, ఇంటికప్పు క్రింద నివసింపరాదు, మంచముపై పరుండరాదు, రాత్రి దీపము వెలిగింపరాదు, నీరు చేదుటకు త్రాడు ఉంచుకొనరాదు. బండిపై మంచమును తలక్రిందులుగా వేసికొని పోవుట ఈ ప్రతిజ్ఞకు గురుతు.

అయితే 1615లో రాణా అమరసింహునకును జహంగీరునకును సంధి కుదిరి, చిత్తోడ్ మేవాడునకు తిరిగి లభించెను. కోటను బాగుచేయరాదను నిబంధన మాత్రము మిగిలెను. దానిని మీరి కట్టిన భాగములను 1654లో షాజహాను కూలద్రోయించెను. కోట చేతికి వచ్చినను స్వాతంత్ర్యము సంపూర్ణముగా రాలేదని ప్రతిజ్ఞాబద్ధులు తలచియుండవచ్చును. కాని బండ్లు నిలువకుండుటకు మరియొక కారణము కొలిమిలోనే కలదు. ఒక ఊరి కర్రులను, కొడవండ్లను, గొడ్డండ్లను సరిచేయుటకు కొలది దినములు చాలును. పిదప అచ్చట పని యుండదు. పురుషుడు కాలిన ఇనుమును పట్టకారుతో దాగలిపై త్రిప్పుచుండగా స్త్రీ సమ్మెట ఎత్తి కొట్టును. కూలిగా ధాన్యము పుచ్చుకొని, ఎడ్లను కట్టి, కుటుంబమంతయు తరువాతి ఊరికి సాగిపోవును.

సంచారమునకు ప్రతిజ్ఞయే మూలమో కాదో గాని, దానికి గౌరవము తెచ్చినది మాత్రము ప్రతిజ్ఞయే. ఇల్లు లేనివానిని లోకము అనుమానించును. మాటకొరకు ఇల్లు విడిచినవానికి నమస్కరించును. ఈ కథ వారికి బండితో సమానమైన ఆస్తి.

1955 ఏప్రిల్‌లో ప్రధాని జవహర్‌లాల్ నెహ్రూ వారిని వెంటబెట్టుకొని చిత్తోడ్ కోటలో ప్రవేశించెను. ప్రతిజ్ఞ తీరినదని ప్రకటింపబడెను. పిదప ప్రభుత్వము ఇండ్లను, భూములను ఇచ్చుటకు పూనుకొనెను. కొందరు స్థిరపడిరి, పలువురు మరల బండి కట్టిరి. నాగలి యెరుగని చేతులకు భూమి అక్కరకు రాలేదు; ఒకే చోట నిలిచిన కొలిమికి చాలినంత పని దొరకలేదు. కర్మాగారములలో తయారైన చౌక పనిముట్లు సంతలకు వచ్చిన కొలదియు, పల్లెలు కూడ వారికొరకు ఎదురుచూచుట మానెను.

నేడు ఢిల్లీలోను, రాజస్థాన నగరములలోను బాటప్రక్క గుడిసెలయొద్ద వారి కొలుములు కనిపించును. అనేకుల బండ్లు కదలుట మానినవి. అయినను ఆ నిలిచిన చోటు వారిది కాలేదు. దాదాపు నాలుగు వందల యేండ్ల ప్రతిజ్ఞను విడిపించుటకు ఒక్క దినము చాలెను. కొలిమికి పని చూపుట ఇంకను మిగిలియున్నది.