‘భక్తప్రహ్లాద’ విడుదల తేది: ఒక పరిశీలనము

పాత చలనచిత్ర దృశ్యములను వెదకి, వాని కాలమును నిర్ణయించి, డాక్యుమెంటరీలకును టెలివిజనునకును సమకూర్చు పరిశోధకుల పని మన విద్యార్థులకు అంతగా పరిచితము కాదు. అది శాసన పరిశోధకుని పనివంటిదే. దృశ్యమే లేనప్పుడు వారేమి చేయవలెనను ప్రశ్నకు తెలుగువారి తొలి టాకీ ‘భక్తప్రహ్లాద’ మంచి యుదాహరణము.

అర్దెషీర్ ఇరానీ నిర్మాణమున, హెచ్. ఎం. రెడ్డి దర్శకత్వమున వెలువడిన యీ చిత్రము 1931 సెప్టెంబరు 15వ తేదీన విడుదలయ్యెనని దశాబ్దములపాటు వ్రాయుచు వచ్చిరి. ఒకరు వ్రాసినదానిని మరియొకరు గ్రహించిరి. మా వెలిగండ్ల ప్రాంతమున వృద్ధులను వయస్సెంతయని యడిగినచో, ఫలానా కరవునాటికి ఇంతవాడనని చెప్పుదురు. అది అబద్ధము కాదు, తేదియు కాదు. చలనచిత్ర చరిత్రకారులు మాత్రము అట్టి జ్ఞాపకములనే తేదీలుగా స్వీకరించుట కద్దు.

చిత్రప్రతిని చూచి నిర్ణయింతమన్న నది లభించుట లేదు. నాటి నైట్రేటు ఫిల్ము సులభముగా నంటుకొనును. అంటుకొనకున్నను కాలక్రమమున శిథిలమగును. వెండికొరకు కరగింపబడిన రీళ్లును కలవు. పూనాలో జాతీయ చలనచిత్ర భాండాగారము ఏర్పడినది 1964లో. అప్పటికి టాకీ పుట్టి ముప్పదిమూడేండ్లు గడచినవి. తొలి భారతీయ టాకీ ‘ఆలం ఆరా’ ప్రతియు దక్కలేదు.

కావున కాగితమే శరణ్యమైనది. 1918 నాటి చట్టము ననుసరించి, ప్రమాణపత్రము లేక చిత్రమును బహిరంగముగా ప్రదర్శింపరాదు. ‘భక్తప్రహ్లాద’కు బొంబాయి సెన్సారు 1932 జనవరి 22న పత్రము నొసగెననియు, ఆ ఫిబ్రవరి 6న బొంబాయి కృష్ణా సినిమాలో నది విడుదలయ్యెననియు రెంటాల జయదేవ పరిశోధనమున తేలినది. సెప్టెంబరు తేది దీనితో నిలువజాలదు. చిత్రము నిడివి 9,762 అడుగులు. అడుగునకు పదునారు బొమ్మలు, క్షణమునకు ఇరువదినాలుగు. అనగా నిమిషమునకు 90 అడుగులు. లెక్కించినచో నూటయెనిమిది నిమిషములకు మించిన చిత్రమని చూడకయే తెలియుచున్నది.

ఈ నిర్ణయము మన కొంత కష్టముగనే యుండును. అదే దర్శకుని ‘కాళిదాస్’ 1931 అక్టోబరు 31న మద్రాసులో విడుదలయ్యెను. పాత తేది ప్రకారము తెలుగు చిత్రము దానికి ముందుండెడిది, ఇప్పుడు వెనుకబడినది. అయినను ‘కాళిదాస్’ తమిళముతోపాటు తెలుగు మాటలును గల చిత్రము గనుక, వెండితెరపై తెలుగు 1931లోనే వినబడినదనుట సత్యము. స్వభాషాభిమానముచే తేదీని ముందునకు జరుపుట పరిశోధనము కాదు.

దృశ్యము వెదకువారికి మరియొక చిక్కు కలదు. ఇదే పేరిట చిత్రపు నారాయణమూర్తి 1942లో నొకటి, 1967లో నొకటి తీసిరి. 1967 నాటిది రంగులలో నున్నది, ఎస్. వి. రంగారావు హిరణ్యకశిపుడు, భ్రమకు తావులేదు. 1942 నాటిదియు నలుపు తెలుపే. హిరణ్యకశిప పాత్రను తొలి చిత్రమున మునిపల్లె సుబ్బయ్య, 1942లో వేమూరి గగ్గయ్య ధరించిరి. తొలి టాకీ దృశ్యమని యెవరేని బొమ్మను చూపినచో, పరిశోధకుడు మున్ముందు ఆ ముఖమెవరిదో పోల్చుకొనవలెను.