గోల్కొండ కొలువు నుంచి వెండితెరకు

రాజాస్థానాల కథలంటే సినిమాకు మొదటినుంచీ మక్కువ. పదకొండో శతాబ్దపు రాజాస్థాన ప్రణయగాథ ‘గెంజి’ని జపాన్‌లో 1951లో యొషిమురా తెరకెక్కించాడు. మనవాళ్లు అంతకు చాలా ముందే, తెలుగు టాకీ పుట్టిన మరుసటి ఏడే, 1933లో గోల్కొండ దర్బారు కథను ‘రామదాసు’గా తీశారు. ఇందులో కథానాయకుడు మనసిచ్చింది రాకుమారికి కాదు, భద్రాద్రి రాముడికి.

ఈ కథకు పుట్టినిల్లు ఖమ్మం దగ్గరి నేలకొండపల్లి. రామదాసుగా పేరొందిన కంచర్ల గోపన్న ఆ ఊరివాడు. మేనమామలు అక్కన్న, మాదన్న గోల్కొండ సుల్తాను తానీషా (1672–87) కొలువులో చక్రం తిప్పుతున్న రోజుల్లో పాల్వంచ పరగణాకు తహసీల్దారు అయ్యాడు. గోదావరి ఒడ్డు అడవిలో పోకల దమ్మక్క పందిరి వేసి కొలిచిన రాముడికి ఆయన గుడి కట్టించాడు, నగలు చేయించాడు. సర్కారు సొమ్ము వాడాడన్న నేరానికి గోల్కొండలో ఖైదయ్యాడు. పన్నెండేళ్ల తర్వాత రామలక్ష్మణులే వచ్చి బాకీ తీర్చారని జనం నమ్మకం.

భజనలు, హరికథలు ఈ కథను ఊరూరా మోశాయి. ధర్మవరం గోపాలాచార్యులు నాటకంగా రాశారు. రెండు శతాబ్దాల ముందువాడైన కబీరు కూడా ఈ కథలో చోటు చేసుకున్నాడు. సినిమాకు అందింది చరిత్ర ఒక్కటే కాదు, జనం నోట పెరిగిన కథ.

దానికోసం సర్వస్వం ఒడ్డినవాడు చిత్తూరు నాగయ్య. ‘పోతన’ (1942), ‘త్యాగయ్య’ (1946), ‘యోగి వేమన’ (1947) తర్వాత, అరవయ్యేళ్ల వయసులో, 1964లో ‘రామదాసు’ను తానే నిర్మించి, దర్శకత్వం వహించి, నటించాడు. ఆ సినిమా ఆయన్ను అప్పులపాలు చేసింది. గోపన్న ఖజానా సొమ్మును రాముడికి ధారపోస్తే, నాగయ్య తన కష్టార్జితాన్ని రామదాసుకు ధారపోశాడు.

2006లో రాఘవేంద్రరావు ‘శ్రీరామదాసు’లో నాగార్జున గోపన్న అయ్యాడు, అక్కినేని కబీరు అయ్యాడు, కీరవాణి సంగీతం కొత్త తరానికి ఆ భక్తిని అందించింది. అయినా, గాయకుడే నటుడై రామదాసు ఆర్తిని పలికించిన నాగయ్య చిత్రానికే నా ఓటు.

శ్రీరామనవమికి భద్రాచలం వెళ్లేవాళ్లు దారిలో నేలకొండపల్లిలో ఆగండి. గుడి కట్టించిన మనిషి పుట్టిన ఊరినీ చూసి రండి.