పీఠము లేని పీఠాధిపతి: థియోడరిక్

బాల్టిక్ సముద్రపు తూర్పుతీరమున, నేటి లాట్వియా, ఎస్టోనియా దేశములున్న భూభాగమునకు మధ్యయుగమున లివోనియా యని పేరు. అచట లీవులు, ఎస్టోనియనులు మొదలగు జాతులవారు తమ తమ దేవతలను కొలుచుచుండిరి. 12వ శతాబ్ది చివర అచటికి వచ్చిన మతబోధకులలో సిస్టర్షియన్ శాఖకు చెందిన సన్యాసి థియోడరిక్ ఒకడు. ఇతని వృత్తాంతము ముఖ్యముగా హెన్రీ యను పురోహితుడు లాటిన్ భాషలో రచించిన లివోనియా చరిత్రవలన తెలియుచున్నది. అది విజేతల పక్షమువాని రచన యగుటచే జాగరూకతతో చదువదగినది.

థియోడరిక్ గౌయా నదీతీరమందలి తురైదాలో నివసించెను. అతని పైరు బాగుగా పండెను. లీవుల పైరులు వానలకు పాడయ్యెను. అందుచే వారతనిని దేవతలకు బలియీయ దలచిరి. నేలపై ఈటెనుంచి, దానిమీదుగా గుఱ్ఱమును నడిపించిరి. గుఱ్ఱము ప్రాణసూచకమగు కాలినే ముందు పెట్టెను. క్రైస్తవుల దేవుడు దాని వీపుపై కూర్చున్నాడని శకునగాడు చెప్పగా, వీపు తుడిచి మరల నడిపించిరి. ఫలితమదియే. లీవులు తమ శకునమునకు కట్టుబడి అతనిని విడిచిపుచ్చిరి. 1191లో సూర్యగ్రహణము పట్టగా, సూర్యుని మ్రింగినవాడితడేయని ఎస్టోనియనులు నిందించిరి.

పిదప బోధ యుద్ధరూపము దాల్చెను. 1201లో బిషప్ ఆల్బర్ట్ రీగా నగరమును స్థాపించెను. 1202లో థియోడరిక్ ఖడ్గధారులగు సన్యాసుల సంఘమును నెలకొల్పెను. 1203లో లీవుల నాయకుడగు కౌపోను రోమునకు గొనిపోగా, మూడవ ఇన్నోసెంట్ పోపు అతనికి 100 బంగారు నాణెములిచ్చెనని హెన్రీ వ్రాసెను. అటుపై థియోడరిక్ డౌగవ నదీముఖమందలి డ్యూనముండె మఠమునకు అధిపతియై, 1211లో ఎస్టోనియా బిషప్పుగా అభిషిక్తుడయ్యెను. కాని ఆ దేశమింకను లోబడలేదు. బిరుదు కలదు, పీఠము లేదు. 1219లో డెన్మార్కు రాజగు రెండవ వాల్డెమార్ దండయాత్రతో అచటికి వెళ్లెను. జూన్ 15న, నేటి టాలిన్ నగరమున్నచోట, ఎస్టోనియనులు శిబిరముపై బడి, రాజేయని భ్రమించి అతనిని గుడారములోనే వధించిరి.

లీవులు క్రమముగా లాట్వియనులలో కలిసిపోయిరి. తరతరముల పరంపరగా వారి భాషను తల్లి ఒడిలో నేర్చినవారిలో చివరి వ్యక్తి 2013లో కన్నుమూసెను. ఆ భాషను మరల పిల్లలకు నేర్పు యత్నములు సాగుచున్నవి. తురైదా గుఱ్ఱపు కథ మాత్రము లాటిన్‌లో, పరుల మాటలలో మనకు దక్కినది. దానిని లీవులు తమలో తామెట్లు చెప్పుకొనిరో దక్కలేదు. తన చరిత్రను తన భాషలో వ్రాసికొనని జాతికి పరుల గ్రంథమే సాక్షి యగును.