పాతబడిన ద్రాక్షసారా

యానాం పేరు చెప్పగానే బయటి ఊళ్ళవాళ్ళు ముందు ఓ నవ్వు నవ్వుతారు. ఆ నవ్వెందుకో నేను వేరే చెప్పనక్కరలేదు. అయితే నేనివాళ చెప్పబోయేది తాగుడు గురించి కాదు. ద్రాక్షసారాను, అదే వైన్‌ను, ఎన్నాళ్ళు దాచాలి, ఎప్పుడు తాగాలి అన్న సంగతి మనుషులకు ఎలా తెలిసివచ్చిందన్న చరిత్ర గురించి.

నా చిన్నప్పుడు మా వీధిలో ఫ్రెంచి పింఛను పుచ్చుకునే తాతగారొకరు ఉండేవారు. ఫ్రాన్సు నుంచి తెచ్చుకున్న ఎర్ర వైన్ సీసా ఒకటి ఆయన అటక మీద ట్రంకు పెట్టె పక్కన నిలబెట్టి ఉండేది. మనవరాలి పెళ్ళికి తీస్తానని ఇరవై ఏళ్ళు దాచారు. పెళ్ళయింది, పదిమందిని పిలిచి బిరడా తీశారు. గదంతా పులిసిపోయిన వాసన. తాతగారు ఒక్క మాట కూడా అనలేదు. గ్లాసు బోర్లించి అరుగు మీదికి వెళ్ళి కూర్చున్నారు.

పాతదైతే మంచిదన్న నమ్మకం ఆయన ఒక్కరిదే కాదు, రోమన్లదీ అదే. ఇటలీలో ఫలెర్నియన్ అనే సారా ఉండేది. అది పదేళ్ళు దాటితేగాని తాగడానికి పనికిరాదనీ, పదిహేను నుంచి ఇరవై ఏళ్ళ మధ్య శ్రేష్ఠమనీ గాలెన్ అనే వైద్యుడి అభిప్రాయం. క్రీ.పూ. 121లో ఒపీమియస్ కాన్సల్‌గా ఉన్న ఏడాది సారాకు మహా పేరు. దాదాపు రెండు వందల ఏళ్ళ తరవాత ప్లినీ నాటికి కూడా అది కాస్త మిగిలి ఉందట. కానీ అప్పటికి చేదెక్కి, ముతక తేనెలా గడ్డకట్టిపోయిందని ఆయనే రాశాడు. చూశారా, రోమన్లకు కూడా హద్దు తెలియలేదు!

ఆ సారా మన తీరానికీ వచ్చింది. పుదుచ్చేరి పక్కనున్న అరికమేడులో 1945లో మార్టిమర్ వీలర్ తవ్వకాలు జరిపినప్పుడు ఆంఫొరాలనే రెండు చెవుల మట్టి జాడీల పెంకులు దొరికాయి. ఆ జాడీల లోపల కీలు పూసి, మూతి బిగించేవారు. గాలి ఆడేది కాదు. వాళ్ళ సారా అన్నేళ్ళు నిలవడానికి కిటుకు అదే.

రోము కూలిన తరవాత ఐరోపాలో ఆ జాడీలు పోయి చెక్క పీపాలు మిగిలాయి. పీపాలో సారా తగ్గేకొద్దీ గాలి చేరుతుంది, ఏడాది తిరిగేసరికి పులుస్తుంది. అందుచేత మధ్యయుగాల్లో కొత్త సారాకే ధర, పాతది చవక. పాతది మంచిదన్న మాటే జనం మరిచిపోయారు.

పదిహేడో శతాబ్దంలో ఇంగ్లండులో బొగ్గు కొలిమి మీద గట్టి గాజుసీసాలు చేయడం నేర్చారు. వాటికి కార్కు బిరడా తోడయింది. మొదట్లో సీసాలు బానపొట్టతో ఉండేవి. పద్దెనిమిదో శతాబ్దంలో అవి నిటారుగా సన్నబడ్డాక పడుకోబెట్టడం కుదిరింది. పడుకోబెడితే బిరడా సారాలో తడుస్తూ ఎండిపోకుండా ఉంటుంది. అంత చిన్న మార్పుతో ముసలి వైన్ మళ్ళీ పుట్టింది. ఇంకో వింత చెప్తాను. మదీరా దీవి సారాను ఓడల్లో ఇండియాకు పంపేవారు. దారిలో ఎండవేడికి ఉడికి అది చెడిపోలేదు సరికదా, ఇంకా బాగుపడింది! ఇక్కడిదాకా వచ్చి తిరిగి వెళ్ళిన పీపాలకు ప్రత్యేకమైన గిరాకీ ఉండేది.

చివరకు 1866లో లూయీ పాశ్చర్ వైన్ మీద రాసిన గ్రంథంలో అసలు కారణం చూపించాడు. సారాను పులిపించేది సూక్ష్మజీవులు. కొద్దికొద్దిగా తగిలే గాలి పక్వం చేస్తుంది, ఎక్కువైతే చెరుపుతుంది.

మన ఇళ్ళలో కొబ్బరి పచ్చడి ఆ పూటకే, ఆవకాయ ఏడాదికి. వైన్‌లోనూ అంతే. బోజొలే నూవో అనే ఎర్ర సారా నవంబరు మూడో గురువారం బజారుకొస్తుంది, కొద్ది నెలల్లో తాగేయాలి. తేలికైన తెల్లవైన్లు చాలావరకు రెండు మూడేళ్ళకే. మంచి బోర్దో ఎర్రసారాకు ద్రాక్షతొక్కల, గింజల వగరు ఎక్కువ. ఆ వగరు మెత్తబడి మడ్డిగా అడుగున దిగడానికి పది, ఇరవై ఏళ్ళు పడుతుంది. తియ్యటి సొతెర్న్, బ్రాందీ కలిపిన పోర్టు ఇంకా ఎక్కువకాలం ఆగుతాయి. లోకంలో తయారయ్యే వైన్‌లో అధికభాగం మాత్రం కొన్నేళ్ళలో తాగడానికే చేసినది.

దాచేదయినా సరే, చీకటిగా, పన్నెండు పదమూడు డిగ్రీల చల్లదనంలో, పడుకోబెట్టి ఉంచాలి. మన గోదావరి ఒడ్డున పెంకుటింటి అటక మీద మే నెలలో ఎంత వేడో మీకు తెలియనిది కాదు. తాతగారి సీసా అక్కడ ఇరవై వేసవులు నిలబడి ఉంది. బిరడా ఎండి కుంచించుకుపోయింది, గాలి చొరబడింది. చీటీ ఊడిపోయింది గనక అది ఏ ఊరి సారాయో, ఎన్నాళ్ళలో తాగవలసినదో చెప్పే వీలు కూడా లేకపోయింది.

ఆ ఖాళీ సీసాలో వాళ్ళింట్లో చాలాకాలం కిరసనాయిలు పోసుకున్నారు.